అరవై గ్రాముల ఉలవలు

కుప్పం ఆస్పత్రిలో డాక్టరమ్మ చీటీ మీద రెండే అంకెలు రాసింది. బరువు ఎనిమిది కిలోలు. రక్తం పది. ఆ రెండూ లేనిదే బిడ్డకు మత్తుమందు ఇవ్వలేమని చెప్పింది. ఆపరేషన్ చేసే పెద్ద డాక్టరు వేలూరు నుంచి ఏడాదికి ఒక్కసారే, అక్టోబరులో వారం రోజులు వస్తాడట.

"ఈసారి తప్పితే మళ్లీ ఏడాది దాకా లేదమ్మా. అప్పటికి పాప మాటలు నేర్చేసి ఉంటుంది. మాట ముక్కులోంచి రావడం అలవాటైపోతే తర్వాత కుట్టినా పెద్దగా లాభం ఉండదు."

అది 1981 ఆగస్టు. మా రంగికి పదమూడు నెలలు. బరువు ఆరు కిలోల ఎనిమిది వందల గ్రాములు. మాకు మిగిలింది యాభై ఆరు రోజులు. బస్సులో పలమనేరు దాకా నేను ఆ చీటీని మడవడం, విప్పడం తప్ప ఇంకేమీ చేయలేదు.

రంగికి పెదవి బాగానే ఉంది. పైకి చూస్తే ఏ లోపమూ కనబడదు. నోరు తెరిస్తే అంగిట్లో వేలు పట్టేంత చీలిక. పుట్టినప్పటినుంచీ పాలు చప్పరించడం చేతకాలేదు. ఉగ్గుగిన్నెతో పోస్తే సగం ముక్కులోంచి వచ్చేవి, ఉక్కిరిబిక్కిరయ్యేది, కళ్లు పైకి పోయేవి. అంతకు ముందు ఏడాది ఫిబ్రవరిలో మధ్యాహ్నం పూటే వెలుగు మసకేసిన గ్రహణం రోజున నేను కడుపుతో ఉన్నాను. తలుపులేసి కదలకుండా పడుకోమన్నారు, పడుకున్నాను. మధ్యలో ఎప్పుడైనా ముక్కు గోక్కున్నానా, చీర కొంగు నోట్లో పెట్టుకున్నానా అని ఇప్పటికీ వెతుక్కుంటాను. మా అత్త మునిరత్నమ్మ ఈ విషయంలో నన్ను ఒక్క మాట అనలేదు. అనకపోవడమే నాకు ఎక్కువ భయంగా ఉండేది.

మా ఆయన గంగాధరం పుంగనూరు సమితి ఆఫీసులో గణాంకాల అసిస్టెంటు. పొలంలో ఒక చదరం కొలిచి తాడు కట్టి, అందులో పండిన వేరుశనగ తూచి, దాన్నిబట్టి ఈ తాలూకా అంతా ఎంత పండిందో లెక్క తేల్చడం ఆయన పని. మదనపల్లె కాలేజీలో లెక్కల్లో బి.ఎస్సీ. చదివాడు. నేను సదుం స్కూల్లో ఎనిమిదో తరగతితో ఆగిపోయాను. అమ్మకు ఆఖరి కాన్పు కష్టమై మంచం పట్టింది, ఇంట్లో పని చేసేవాళ్లు లేక నన్ను బడి మాన్పించారు. కాపురం కూడా సదుం దగ్గరి పల్లెలోనే. ఆయన పొద్దున బస్సుకు పోయి సాయంత్రం బస్సుకు వస్తాడు.

కుప్పం నుంచి వచ్చిన మూడో రోజు ఆయన మదనపల్లె పోయి ఒక లావుపాటి ఇంగ్లీషు పుస్తకం తెచ్చాడు. ఆయనకు పాఠం చెప్పిన లక్ష్మీపతి సారు తన పేరు మీద కాలేజీ లైబ్రరీలో తీసి ఇచ్చాడట. అట్టకు పాత పేపరు వేసి ఉంది.

"ఏముండాది దాంట్లో?" అన్నాను.

"ఏ నిర్ణయమైనా లెక్కేసి తేల్చుకునే పద్ధతి మే. లారీలు ఏ ఊరికి ఎన్ని పంపాల, ఏ సేన్లో ఏం పెట్టాల, అన్నీ ఒకే రకం లెక్కలు. మనకు కావాల్సింది ఒకటి ఉంటాది. దాటకూడని షరతులు కొన్ని ఉంటాయి. షరతులు తప్పకుండా అన్నిట్లోకీ మేలైన దోవ ఏదో అంకెలే సెప్తాయి."

"బిడ్డకు బువ్వ పెట్టేది కూడానా?"

"అదే వీళ్లు ఇచ్చిన మొదటి లెక్క! మనిషి ఏమేం తింటే సాలు అని."

రంగి ఎక్కువ మింగలేదు. కాబట్టి పెట్టేది తూకంలో వీలైనంత తక్కువ ఉండాలి. కానీ అందులో ఒంటికి సత్తువ ఇంతకు తగ్గకూడదు, కండ పట్టించేది ఇంతకు తగ్గకూడదు, రక్తానికి ఇనుము ఇంతకు తగ్గకూడదు. ఇవీ ఆయన రాసుకున్న మూడు షరతులు. మా ఇంట్లో దొరికే ఏడు వస్తువులు వరుసగా పెట్టాడు: రాగులు, ఉలవలు, వేరుశనగ, బెల్లం, పాలు, నెయ్యి, అరటిపండు. ఏ వస్తువు వంద గ్రాముల్లో ఏది ఎంత ఉంటుందో ఇంకో పుస్తకంలోంచి ఎత్తి రాసుకొచ్చాడు. రెండు సాయంత్రాలు పలక మీద గళ్లు గీసి నింపాడు, తుడిచి మళ్లీ నింపాడు. షరతుల పక్కన పెట్టే గుర్తు పిచ్చుకపిల్ల నోరు తెరిచినట్టు ఉండేది. రంగిని ఒళ్లో వేసుకుని నేను ఆ నోళ్లనే చూస్తూ కూర్చునేదాన్ని.

మూడో రోజు సాయంత్రం జవాబు వచ్చింది. రోజుకు ఉలవలు అరవై గ్రాములు, వేరుశనగ యాభై, నెయ్యి ఇరవై. మిగిలిన నాలుగూ సున్నా.

మా అత్త చేట పక్కన పెట్టి లేచొచ్చింది. "పాలు ఎంత అంటివి నాయనా?"

"సున్నా అమ్మా."

"సున్నానా! ఆవును కొట్టంలో కట్టేసుకోని బిడ్డకు పాలు సున్నా అంటాడే! రాగులో?"

"అవీ సున్నానే."

"ఈ పుస్తకం రాసినోడు బిడ్డల్ని కన్నోడేనా అప్పా? వాడికి వాళ్లమ్మ ఏం పెట్టి పెంచిందో!"

"పాలల్లో నీళ్లు ఎక్కువమ్మా, తూకం పెరుగుతాది. మూడు షరతులు పెడితే ఎక్కువలో ఎక్కువ మూడు వస్తువులే మిగుల్తాయి, ఈ లెక్క గుణమే అంత. పాలు మానమని ఎవురు సెప్పినారు? అడిగినప్పుడు పొయ్యండి. ఇది మాత్రం తప్పకూడదు."

ఆయన సమితి ఆఫీసు నుంచి పంటకోతకు వాడే తక్కెడ, తూనికరాళ్లు ప్రతి శనివారం తెచ్చి సోమవారం తీసుకుపోయేవాడు. రంగిని పాత చీరగుడ్డలో ఉయ్యాలలా కట్టి దూలానికి తగిలించిన తక్కెడలో తూచేవాడు. బిడ్డను వేరుశనగ మాదిరి తూకమేస్తారా, దిష్టి తగలదా అని మా అత్త ప్రతి ఆదివారం గొడవపడి, తూచడం అయిపోగానే ఉప్పు, మిరపకాయలు తిప్పి పొయ్యిలో వేసేది.

నేను ఆయన చెప్పింది చెప్పినట్టు చేశాను. పొద్దున్నే ఇంట్లో ఉన్న చిన్న త్రాసులో అరవై గ్రాముల ఉలవలు తూచి ఉడకబెట్టాను. వేరుశనగ మెత్తగా నూరి, నెయ్యి కలిపి, ఉలవల్లో జారుగా కలిపి, ఉగ్గుగిన్నెతో గుక్కగుక్కా పోశాను. ముక్కులోంచి కారేది. తుడిచి మళ్లీ పోసేదాన్ని. పొద్దున మొదలుపెడితే ఎండ వాకిట్లోకి వచ్చేదాకా అదే పని.

మొదటి వారం యాభై గ్రాములు పెరిగింది. రెండో వారం ఇంకో యాభై. మూడో వారం డెబ్బై. నాలుగో ఆదివారం తక్కెడలో సరిగ్గా ఏడు కిలోల దగ్గర నిలిచింది. నెల రోజులకు రెండు వందల గ్రాములు. మిగిలిన నెలలో కిలో పెరగాలి.

ఆయన రాళ్లు తీసి మళ్లీ పెట్టాడు. దూలం నుంచి తక్కెడ దించి, ఉత్తదాన్ని తూచి చూశాడు. పలక ముందేసుకుని మొదటి గడి నుంచి మళ్లీ చేశాడు. అదే జవాబు. బుధవారం సెలవు పెట్టి, పుస్తకం, కాగితాలు సంచిలో వేసుకుని మదనపల్లె పోయాడు. సాయంత్రం ముఖం వేలాడేసుకుని బస్సు దిగాడు. ఆయనే చెప్పాడు.

"సారు రెండు మాట్లు చేసి సూసినాడు. లెక్కలో తప్పు లేదంట."

తప్పుందని చెప్పి ఉంటే నాకు నిద్రపట్టేది. లెక్క సరైంది అంటే తప్పు నా చేతిలో ఉన్నట్టే కదా.

"యశోదా, ఒక మాట అడుగుతా, కోపం చేసుకోవద్దు. అరవై గ్రాములూ పెడతాండావా?"

"తూచే పెడతాండా."

"రోజూ?"

"రోజూ."

"ముక్కులోంచి ఎంత పోతాండాది?"

మర్నాటి నుంచి ముక్కు తుడిచే గుడ్డ విడిగా పెట్టుకున్నాను. తడవకముందు ఎంత ఉందో, తడిసినాక ఎంత ఉందో అదే చిన్న త్రాసులో తూచి గోడ మీద బొగ్గుతో రాసుకున్నాను. ఎక్కువేం పోవడం లేదు. పోవడం లేదని తెలిశాక భయం ఇంకా పెరిగింది. లోపల ఇంకేదో జబ్బుందేమో, మాకు చెప్పలేదేమో. రంగి నిద్రపోతుంటే ముక్కు దగ్గర వేలు పెట్టి చూసేదాన్ని.

ఆ శుక్రవారం కెంపమ్మ మజ్జిగకు వచ్చింది. గొర్లు, ఆవులు మేపుకునే కుటుంబం వాళ్లది, పక్క వీధి. పశువును చూస్తే దాని వయసు, ఈనిన లెక్క, తిన్న మేత చెప్పేస్తుంది. కొట్టం దగ్గర నిలబడి మా పొట్టి ఆవు పెయ్యదూడ వీపు మీద చెయ్యి వేసి నిమిరింది.

"ఏమ్మా యశోదా, దీనికేం పెడతాండారు? పోయిన నెల సూస్తే ఎముకలు లెక్కబెట్టొచ్చు. ఇప్పుడు సూడు, చెయ్యి జారిపోతాండాది! మా దూడకూ సెప్పమ్మా ఆ మందేదో."

"మందేం లేదక్కా. గడ్డే."

"గడ్డికి ఇట్లా నిగనిగ వస్తాదా? నా దగ్గిర దాస్తే ఎట్లమ్మా, నేను పుట్టిందే కొట్టంలో!"

"నిజంగా గడ్డేనక్కా. పొద్దున పూట ఆ ఇన్ని ఉలవలు..."

అక్కడ నా నోరు ఆగిపోయింది. కెంపమ్మ చెంబు పట్టుకుని ఇంకేదో నవ్వుతూ అంటోంది. నాకు వినబడలేదు.

మా పల్లెల్లో ఉలవలు అంటే అంతే. కుండలో వేసి ఉడకబెట్టి, ఎర్రగా చిక్కబడిన కట్టు ఒంపుకుంటాం. ఆ కట్టు మనుషులకు. చారు కాచుకుంటాం, సంగటిలోకి పోసుకుంటాం. ఉడికిన గింజ ఎద్దులకు. పళ్లు గట్టిగా ఉన్న పెద్దవాళ్లు ఎప్పుడైనా గుగ్గిళ్లు చేసుకు తింటారు గానీ, పాలబుగ్గల బిడ్డకు గింజ పెట్టడం ఎవరూ ఎరగరు. నేనూ అరవై గ్రాములు తూచి, ఉడకబెట్టి, కట్టు ఒంపి, ఆ కట్టులో వేరుశనగ కలిపి రంగికి పోశాను. కుండలో మిగిలిన గుప్పెడు గింజ, ఇంత కొంచెం ఎద్దుకెందుకని, దూడ ముందు పోశాను. నెల రోజులు.

ఆయన బస్సు దిగేదాకా వాకిట్లోకీ కొట్టంలోకీ తిరిగాను. మా అత్తకు చెప్పాలనిపించింది, చెప్పలేకపోయాను. బిడ్డ ముద్ద దూడకు పెట్టిన తల్లి అని ఊళ్లో అనరా? చెప్పకుండా రేపటినుంచి సరిగ్గా చేస్తే ఎవరికీ తెలియదు కూడా. కానీ మిగిలింది ఇరవై మూడు రోజులు. ఎలా చేయాలో ఆయన్ను అడగక తప్పదు.

ఆయన కాళ్లు కడుక్కుంటుంటే చెంబు అందిస్తూ అడిగాను. "మీ పుస్తకంలో ఉలవలు అంటే గింజా, కట్టా?"

"ఏమంటివి?"

"అరవై గ్రాములు రాసిరి గదా. అది గింజ తినాలనా, కట్టు తాగాలనా?"

ఆయన తడి కాళ్లతో అలాగే నిలబడిపోయాడు. "గింజే గదా... పట్టికలో గింజకే రాసిండేది." నా ముఖం చూశాడు. "నువ్వు కట్టు పోస్తాండావా?"

తలూపాను.

"గింజ?"

కొట్టం వైపు చూశాను. ఆయనా అటే చూశాడు. కొట్టేస్తాడనో, అరుస్తాడనో అనుకున్నాను. ఆయన అరుగు మీద కూర్చుని రెండు చేతులతో తల పట్టుకున్నాడు.

"నేనూ ఈ ఇంట్లోనే పుట్టినా గదా మే. ముప్పై ఏండ్లు ఆ కట్టే తాగినా. సారుకు నూరు మాట్లు లెక్క సూపిస్తి, వండేది ఎట్లని ఒక్క మాట అడిగినానా నిన్ను?"

మా అత్త గడపలోంచి అంతా విన్నట్టుంది. "గింజ ఎట్ల పెడతార్రా పసిబిడ్డకు? పేగులు కోసుకుపోవూ! ఉలవ వేడి. బేదులు పట్టుకుంటే ఉన్నది కూడా పోతాది."

ఆ మాట నాకు తగిలింది. నేను భయపడుతున్నదీ అదే. ఆయన అప్పుడే అరవై పెట్టేద్దాం అన్నాడు. నేను ఒప్పుకోలేదు. పెళ్లయ్యాక ఆయన మాటకు నేను గట్టిగా ఎదురు చెప్పింది అదే మొదలు.

"ఒక్కసారిగా వద్దు. ఎప్పుడూ నలభై దాటకూడదు. అది కూడా మొదట పది పెట్టి, కడుపు తట్టుకుంటే పెంచుదాము. మీ పుస్తకం ఒప్పుకుంటాదా దీనికి?"

"ఒప్పుకుంటాది. అదీ ఒక షరతే." పలక తీసి, మూడు వరుసల కింద నాలుగో వరుస గీశాడు. ఉలవలు నలభైకి మించరాదు. మళ్లీ గళ్లు నింపుకుంటూ పోయాడు. దీపాలు పెట్టేవేళకు జవాబు మారింది. ఉలవలు తగ్గాయి, సున్నాగా పడి ఉన్న రాగులు లేచాయి.

"ఇప్పుడు దోవకొచ్చింది మీ పుస్తకం" అంది మా అత్త. రాగులు తనే ఏరి పెట్టింది.

ఉలవలు నానబెట్టి మొలక కట్టాను. నీడన ఆరబెట్టి, దోరగా వేయించి, తిరగలిలో రెండుసార్లు విసిరి, పలచటి గుడ్డలో జల్లించాను. రాగులూ అలాగే చేశాను. నెయ్యి వేసి వేరుశనగతో ఉడికిస్తే ముద్దలా చిక్కగా వచ్చింది. నీళ్లలాంటి కట్టుకే ఉక్కిరిబిక్కిరయ్యే బిడ్డకు ఇది అడ్డం పడితే? మా అత్త పక్కనే నీళ్లు పట్టుకుని నిలబడింది. ఆయన ఆ రోజు బస్సు వదిలేశాడు. చిటికెన వేలి కొసంత తీసి నాలుక వెనక్కి పెట్టాను.

రంగి కళ్లు పెద్దవి చేసింది. మింగింది. ముక్కులోంచి ఏమీ రాలేదు. ఇంకొంచెం పెట్టాను. రాలేదు. పలచనిది పైకి ఎగదన్నుతుందనీ, చిక్కనిది దాని బరువుకు అదే కిందికి దిగుతుందనీ ఏడాది పాటు నాకు తెలియలేదు.

మొదటి వారం మూడు వందల నలభై పెరిగింది. రెండో వారం మూడు వందల ముప్పై. మూడో వారం మా అత్త చెప్పినట్టే మూడు రోజులు బేదులు పట్టుకున్నాయి. ఉలవ మానేసి, గంజి పోసి, నిలబెట్టుకుని మళ్లీ పదితో మొదలుపెట్టాను. ఆ వారం నూట యాభై. బయల్దేరే ముందు తూస్తే ఏడు కిలోల ఎనిమిది వందల ఇరవై.

కుప్పం ఆస్పత్రి తక్కెడ కూడా అదే చెప్పింది. రక్తం పదీ పాయింటు నాలుగు వచ్చింది. ఒకటి దాటింది, ఒకటి దాటలేదు. డాక్టరమ్మ పెన్ను మూత తీసి పెట్టి ఆలోచించింది. మా ఆయన సంచిలోంచి కాగితాలన్నీ తీసి, వారవారం బరువు ఎలా పెరిగిందో గీత గీసినది చూపించాడు. నాలుగు వారాలు పడుకున్న గీత, తర్వాత లేచిన గీత. ఆమె ఆ గీత మలుపు దగ్గర వేలు పెట్టింది. ఆయన్ను అడగలేదు, నా వైపు తిరిగింది.

"ఇక్కడేం జరిగిందమ్మా?"

ఒక్క క్షణం అబద్ధం చెబుదామనుకున్నాను. చెప్పలేదు. దూడ సంగతి కూడా చెప్పేశాను. ఆమె నవ్వలేదు. లోపలికి పోయి పెద్ద డాక్టరుతో మాట్లాడి వచ్చింది.

"గురువారం ఆఖరి పేరు రాశాను. పెరుగుతున్న బిడ్డ కాబట్టి ఒప్పుకున్నారు. అప్పటిదాకా ఇలాగే పెడుతూ ఉండు. జలుబు చేసిందా, దగ్గిందా, ఇంటికి పంపించేస్తాం. తెలిసిందా?"

అది సోమవారం. ఆ మూడు రోజులూ సత్రం వరండాలో ఎవరు తుమ్మినా నేను రంగిని ఎత్తుకుని అవతలి కొసకు పోయాను. ఆయన రాళ్లు పెట్టి పొయ్యి చేసి, పిండి ఉడికించాడు. నేను పెట్టాను. గురువారం పొద్దున ఆస్పత్రిలో తూచినప్పుడు ఎనిమిదికి ఎనభై గ్రాములు తక్కువ. డాక్టరమ్మ ఆ అంకె రాసి, కింద సంతకం పెట్టింది.

"తెల్లవారినప్పటినుంచీ ఏమీ పెట్టలేదు కదా?"

"లేదమ్మా."

"నీళ్లు కూడా ఇవ్వకూడదు. మత్తులో కక్కితే ప్రమాదం."

ఆఖరి పేరు కాబట్టి మధ్యాహ్నం దాటింది. రంగికి ఆకలి అంటే ఏమిటో ఆ నెలలోనే తెలిసింది. అంతకు ముందు తిండి చూస్తే ముఖం తిప్పుకునేది. ఇప్పుడు నా చెయ్యి పట్టుకుని లాగింది, వేలు తన నోట్లో పెట్టుకుంది. మెత్తగా లేదని తీసేసి నా ముఖం చూసింది. నోరు తెరిచింది. పెట్టమని తనంతట తను నోరు తెరవడం అదే మొదటిసారి. యాభై ఆరు రోజులు ఆ నోరు తెరవమని బతిమాలాను, పాటలు పాడాను, ఒకటి రెండుసార్లు కొట్టాను కూడా. తెరిచి పెట్టుకుని ఎదురుచూస్తుంటే నేను ఏమీ పెట్టకుండా కూర్చున్నాను.

"కొంచెం ఓర్చుకో తల్లీ" అంటూ ఆయన ఎత్తుకుని తిప్పబోయాడు. ఆయన మీదనుంచి నా మీదికే వంగింది. ఏడుపు మొదలుపెట్టింది.

ఆకుపచ్చ తలుపు తీసుకుని ఆయా వచ్చింది. "రంగనాయకమ్మ, సదుం. ఇట్లియ్యమ్మా బిడ్డను." ఎత్తుకుని చంకకు సర్దుకుంది. "అబ్బ, బరువుగానే ఉండాదే!"

తలుపు మూసుకుంది. లోపలినుంచి ఏడుపు వినబడుతూనే ఉంది. అది భయం ఏడుపు కాదు. ఆకలి ఏడుపు. ఆ తేడా నాకు తెలుసు. కాసేపటికి మత్తు ఇచ్చినట్టున్నారు, అది ఉన్నట్టుండి ఆగిపోయింది.

ఆయన లేచి నిలబడ్డాడు. నేను ఆ తలుపునే చూస్తూ కూర్చున్నాను.